తువ్వాలు మీది వరస

ఏ ఇంట్లో పనికి వెళ్ళినా ఆయన మొదట చేసేది తువ్వాలు పరచడం. మూరెడు వెడల్పు, రెండు మూరల పొడవున్న ముతక నూలు తువ్వాలు అది. ఒక చివర ఎర్రదారంతో కుట్టిన గీత ఉంటుంది. ఆ గీత ఎడమచేతి వైపు ఉండాలి. తూములోంచి తీసిన మొదటి వస్తువు గీత పక్కన, రెండోది దాని పక్కన, అలా కుడివైపుకు సాగుతాయి. తిరిగి బిగించేటప్పుడు కుడినుంచి ఎడమకు వస్తాడు. గోడమీద కిందివైపు ఉన్న అంచు తువ్వాలు మీద తనవైపు ఉండాలి. మరను గాని, మేకును గాని, రబ్బరు చుట్టును గాని ఆయన జ్ఞాపకం పెట్టుకోడు. జ్ఞాపకం తువ్వాలు పని.

ఆ భవనంలో నలభై ఎనిమిది ఇళ్ళు. నాలుగు విడతలుగా కట్టారు. ఏ విడతలో ఏ సామాను దొరికితే ఆ సామాను బిగించారు. అందువల్ల ఒకే మెట్ల వరస మీద ఉన్న ఇళ్ళలో కూడా స్నానపు టబ్బుల తూములకు నాలుగైదు రకాల మూతలున్నాయి. వాటన్నిటినీ ఆయన బిరడాలంటాడు. బిరడా అనేది సీసాకు పెట్టేదని ఒకసారి ఎవరో దిద్దబోతే, "టబ్బు కూడా సీసానేనండి. మూతి అడుగున ఉంటుంది, అంతే" అన్నాడట. అప్పటినుంచి పిల్లా పెద్దా అందరికీ ఆయన బిరడా మామయ్య. అసలు పేరు హాజరు పట్టీలో ఉంది.

ఇరవై ఆరేళ్ళుగా ఆ భవనపు కుళాయిలూ గొట్టాలూ ఆయన చేతిమీద నడుస్తున్నాయి. కింది అంతస్తులో మెట్ల పక్కనున్న గది ఉద్యోగంతోపాటు ఇచ్చినది. ఉద్యోగం పోతే గదీ పోతుంది. పోయిన సంవత్సరం ఆ రెండూ ఒకేసారి పోయే పరిస్థితి వచ్చింది. విచారణలో ఆయన పక్షాన మాట్లాడింది నేను కనుక, జరిగినదాన్ని జరిగిన క్రమంలో రాస్తున్నాను.

ఆయన్ని నేను మొదట చూసింది మా ఇంటి వాష్‌బేసిన్ దగ్గర. న్యాయశాస్త్రం పూర్తిచేసి, ఒక సీనియరు న్యాయవాది కార్యాలయంలో చేరి, రెండో అంతస్తులో ఒక చిన్న ఇంట్లో అద్దెకు దిగిన మొదటి నెల అది. బేసిన్‌లో నీళ్ళు దిగడం లేదు. మూత తీసి శుభ్రం చేద్దామని పట్టుకారుతో పట్టి లాగాను. అది కదిలింది గాని రాలేదు. ఇంకా గట్టిగా లాగాను. మర్నాడు ఆయన వచ్చి, తువ్వాలు పరిచి, మూత అంచున పడిన గాట్లను బొటనవేలితో తడిమి చూశాడు.

"దీన్నెవరైనా లాగారామ్మా?"

"నేనే లాగాను."

"ఎంతసేపు?"

"పది నిమిషాలుంటుంది."

"పదేళ్ళు లాగినా రాదమ్మా. కిందనుంచి పట్టుకుని ఉన్నారు."

ఆయన బేసిన్ కింద వెల్లకిలా పడుకుని నన్నూ వంగి చూడమన్నాడు. గొట్టం వెనకనుంచి ఒక సన్నని అడ్డకమ్మీ లోపలికి పోతోంది. దాని కొన మూత అడుగున ఉన్న కంతలో దూరి ఉంది. గొట్టం దగ్గర ఒక నట్టు. ఆయన నట్టు వదులు చేసి, కమ్మీని రెండంగుళాలు వెనక్కి జరిపి, పైకి లేచి, మూతను రెండు వేళ్ళతో పువ్వు తుంచినట్టు తీశాడు. దాని చుట్టూ నా వెంట్రుకలు ఒక పిడికెడు.

"బలం చూపించాల్సిన బిరడా ఒక్కటీ లేదమ్మా ఈ బిల్డింగులో" అన్నాడు, వాటిని కాగితంలో చుడుతూ.

ఈ మాట ఆయన సొంతం కాదు, పని నేర్పిన మేస్త్రీది. పందొమ్మిదేళ్ళ వయసులో ఆయన ఒక పెద్ద హోటల్లో మరమ్మతుల పనికి చేరాడు. నూట పది గదులు, నూట పది టబ్బులు. చేరిన వారానికే ఒక టబ్బు బిరడాను పట్టుకారుతో మెలితిప్పి లాగాడు. బిరడాతోపాటు తూము గొంతులో అడ్డంగా ఉండే ఇత్తడి పుల్లలు కూడా విరిగి వచ్చాయి. మేస్త్రీ తిట్టలేదు. విరిగిన ముక్కను చేతిలో పెట్టి, మధ్యాహ్నం దాకా ఆ ఖాళీ టబ్బులోనే కూర్చోమన్నాడు. భోజనాలవేళ వచ్చి, "నిన్నెవడైనా తల పట్టుకుని లాగితే వస్తావుట్రా?" అని అడిగాడు. రానన్నాడు ఈయన. "మరి ఏం చేస్తే వస్తావు?" అన్నాడు మేస్త్రీ. "అడిగితే వస్తాను."

అప్పటినుంచి ఆయన అడగడం నేర్చుకున్నాడు. బిరడా మీద అరచెయ్యి పెట్టి ముందు ఎడమకు తిప్పుతాడు. తర్వాత పైకెత్తుతాడు. తర్వాత నొక్కుతాడు. ఆ మూడింటిలో ఏదో ఒకదానికి అది జవాబు చెబుతుంది. పిడి పట్టుకుని ఎత్తి తిప్పే రకమైతే, పిడి మెడ దగ్గర నలుసంత మర దాక్కుని ఉంటుంది; దాన్ని వదులు చేస్తే పిడి ఊడుతుంది, పిడి ఊడితే మిగతాది చెప్పిన మాట వింటుంది. కాలివేలితో నొక్కితే దిగి, మళ్ళీ నొక్కితే లేచే రకాన్ని లేచి ఉన్నప్పుడే పట్టుకుని, కాడతో సహా ఎడమకు తిప్పుకుంటూ పోవాలి. దిగి ఉన్నప్పుడు తిప్పితే అది రోజంతా ఊరికే తిరుగుతుంది. లాగీ నొక్కీ వాడే రకానికి తలమీది గుండీయే మర. గొలుసు కట్టిన రబ్బరు బిరడా ఒక్కటే ఏ దాపరికమూ లేనిది. అది ఉన్న ఇళ్ళలో ఆయన పని రెండు నిమిషాలు, మాటలు అరగంట.

చివరి రకం కనిపించని బిరడా. తూము మీద జల్లెడ తప్ప మరేమీ ఉండదు. టబ్బు నిండిపోతే పొంగకుండా పైన ఒక రంధ్రం ఉంటుంది కదా, దానిమీద ఒక పలక, పలకకు ఒక మీట. మీట కదిలిస్తే గోడ వెనక గొట్టంలో ఇత్తడి గుండు లేచి దిగుతూ నీళ్ళను ఆపుతుంది, వదులుతుంది. దీన్ని తియ్యాలంటే పలక మరలు రెండూ విప్పి, మీటనూ కమ్మీనీ గుండునూ వంచుకుంటూ, ఊపుకుంటూ ఒక్క గొలుసుగా బయటికి లాగాలి. ఒక్కొక్కసారి పలక వెనకనున్న రబ్బరు చుట్టు కూడా జారి వస్తుంది. ఆ చుట్టు ఒకవైపు మందంగా, ఒకవైపు పలచగా ఉంటుంది. టబ్బు గోడ వాలుగా ఉంటుంది కనుక మందం కిందికి రావాలి. తలకిందులైతే పైకి ఏ తేడా కనిపించదు. నీళ్ళు ఆ రంధ్రం దాకా వచ్చిన రోజున మాత్రం గొట్టంలోకి పోవలసినవి గోడ వెనక్కి, అక్కడినుంచి కింది ఇంటి పైకప్పులోకి పోతాయి.

మూడో అంతస్తులో ఒంటరిగా ఉండే హెడ్‌మిస్ట్రెస్ గారింట్లో జరిగింది ఇదే.

ఆవిడ ముప్పై నాలుగేళ్ళు బడి నడిపి విశ్రాంతి తీసుకున్న మనిషి. విశ్రాంతి తీసుకున్నది ఉద్యోగంనుంచి మాత్రమే. మెట్లమీద చెప్పులు వంకరగా విడిచినవాళ్ళను ఇప్పటికీ వెనక్కి పిలిచి సరిగ్గా పెట్టిస్తుంది. టబ్బులో నీళ్ళు నెమ్మదిగా దిగుతున్నాయని చెబితే మామయ్య వెళ్ళి, గొలుసంతా తీసి, తువ్వాలు మీద వరసగా పెట్టాడు. కమ్మీ దగ్గర ఒక చీల అరిగి ఉంది. కొత్త చీల కోసం నేలమాళిగలోని సామాన్ల గదికి దిగాడు. పావుగంటలో తిరిగివచ్చి, చీల మార్చి, కుడినుంచి ఎడమకు అన్నీ బిగించాడు.

పని అయ్యాక టబ్బు నింపి, నీళ్ళు పై రంధ్రంలోంచి పోవడం చూస్తేగాని ఆయన తువ్వాలు మడవడు. ఆ రోజు పైనున్న ట్యాంకు కడుగుతున్నారు. కుళాయిలో నీళ్ళు దారంలా వచ్చాయి. పావు టబ్బు నింపి, వదిలి, చకచకా దిగిపోవడం చూశాడు. మిగతా పరీక్ష రేపు చేద్దామనుకున్నాడు. ఆ రేపటి ఉదయమే హెడ్‌మిస్ట్రెస్ గారు టబ్బుకు కుళాయి వదిలి, ఫోను మోగితే వెళ్ళి, పాత విద్యార్థినితో నలభై నిమిషాలు మాట్లాడింది. కింది ఇంటి పడకగదిలో తలుపంత పెచ్చు ఊడి మంచంమీద పడింది. మంచంమీద ఎవరూ లేరు. ఆ ఇంటివాళ్ళు అప్పుడు వంటగదిలో ఉన్నారు.

భవనం మేనేజరు సాయంత్రానికల్లా మామయ్యకు నోటీసు ఇచ్చాడు. మరమ్మతులో నిర్లక్ష్యం రుజువైతే ఉద్యోగం రద్దు, నెలలోగా గది ఖాళీ. విచారించేది ఇద్దరు: ఒకరు మేనేజరే, రెండోవారు నివాసుల సంఘం అధ్యక్షుడైన దంతవైద్యుడు. ఫిర్యాదు చేసినవాడే తీర్పరి కావడం ఏ న్యాయమని నేను రెండు పేజీల అభ్యంతరం రాశాను. మేనేజరు దాన్ని మర్యాదగా తీసుకుని, ఫైలులో మర్యాదగా పెట్టాడు. భవనంలోని బిరడాలన్నీ పీకించి, అన్ని టబ్బులకూ ఒకే రకం పెట్టించాలని, ఆ పని బయటి కంపెనీకి ఇవ్వాలని ఆయనకు చాలాకాలంగా ఉంది. మామయ్య ఉన్నంతకాలం ఆ అవసరం ఎవరికీ కనిపించలేదు.

విచారణకు రెండురోజుల ముందు కాగితం, కలం తీసుకుని వాళ్ళ గదికి వెళ్ళాను. ఒక మంచం, ఒక కుట్టుమిషను, గోడకు రకరకాల కొలతల స్పానర్లు, మూలన చిన్న సింకు. సింకులో రెండంగుళాల నీళ్ళు నిలిచి ఉన్నాయి. అత్తయ్య, అంటే ఆయన భార్య, ఆసుపత్రి దుప్పట్లకు చిరుగులు కుట్టే పని చేస్తుంది. నన్ను చూసి మిషను ఆపింది.

"అలా చూస్తావేంటి లాయరమ్మా, అవి మొన్నటి నీళ్ళు" అంది. "నలభై ఎనిమిది ఇళ్ళ తూములూ బాగుచేసిన మహానుభావుడి ఇల్లు ఇది."

"ఆదివారం చూస్తానన్నానుగా" అన్నాడు మామయ్య.

"ఏ ఆదివారమో చెప్పలేదు."

నేను పనిలోకి దిగాను. పలక విప్పినప్పటినుంచి ఏం జరిగిందో అడిగి రాసుకున్నాను. చీల కోసం కిందికి దిగిన ఘట్టం వచ్చింది.

"మీరు లేని పావుగంటలో తువ్వాలు ఎవరైనా ముట్టుకున్నారా మామయ్యా?"

"తువ్వాలు నాదమ్మా."

"అది జవాబు కాదు."

"తువ్వాలు మీదున్నవి నా పూచీ. అదే జవాబు."

"హెడ్‌మిస్ట్రెస్ గారు వాటిని తీసి తుడిచింది. నాకు ఆవిడే చెప్పింది, మెట్లమీద. గ్రీజు మరకలు చూడలేక సబ్బుతో కడిగిందట. దాచాలని కూడా ఆవిడకు లేదు. విచారణలో ఒక్క ప్రశ్న వేస్తే చాలు, మీమీద ఆరోపణ నిలవదు."

"ఆ ప్రశ్న వెయ్యొద్దు" అన్నాడాయన.

"ఎందుకు?"

ఆయన లేచి గోడమీది స్పానరొకటి సర్దాడు. అత్తయ్య సూదిలో దారం ఎక్కిస్తూ, "ఈయన నోటికీ ఒక బిరడా ఉందమ్మా" అంది. "అది తిరుగుతుందో, లేస్తుందో, నొక్కితే దిగుతుందో ముప్పై ఏళ్ళుగా నాకే అంతుపట్టలేదు. నీకు ఇవాళ దొరుకుతుందా?" నవ్వుతూనే అంది గాని, ఆయన వైపు చూసిన చూపులో నవ్వు లేదు. నేను దాన్ని గమనించాను, పట్టించుకోలేదు. ఒంటరి ముసలావిడను ఇబ్బంది పెట్టడం ఇష్టంలేని పెద్దమనిషి తరహా అనుకున్నాను. అలాంటి మంచితనం వల్ల ఎందరు నిరపరాధులు కేసులు పోగొట్టుకుంటారో చదువుకుని వచ్చినదాన్ని. ఆ ప్రశ్నను నా కాగితంలో అన్నిటికంటే పైన రాసుకున్నాను.

విచారణ మేనేజరు గదిలో, శనివారం ఉదయం పది గంటలకు. మామయ్య ఉతికిన చొక్కా వేసుకుని, తువ్వాలు మడిచి ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. అత్తయ్య తలుపు దగ్గర నిలబడింది. కుర్చీ వేస్తే వద్దంది. మేనేజరు నోటీసు చదివాడు. హెడ్‌మిస్ట్రెస్ గారు జరిగినది వరసగా, తేదీలతో సహా చెప్పింది.

ఆయన వద్దన్న ప్రశ్న నేను వేశాను.

"తుడిచాను" అందావిడ వెంటనే. "అంత జిడ్డుగా ఉన్నవాటిని మళ్ళీ గోడలో పెడతారా? ఒక్కొక్కటీ తీసి, సబ్బుతో కడిగి, పొడిగుడ్డతో తుడిచి, ఏది ఎక్కడుందో అక్కడే పెట్టాను. వరస తప్పలేదు. అంత తెలియనిదాన్ని కాను."

"ఆ రబ్బరు చుట్టును కూడా?"

"దాన్నీ. గుండ్రంగా ఉంది కదా, దానికి వెనకా ముందూ ఏముంటుంది?"

నేను అప్పటికే తెప్పించి ఉంచిన కొత్త చుట్టును బల్లమీద పెట్టాను. దాని మందాన్నీ పలచదనాన్నీ చూపించి, వస్తువు వరసలో ఉన్నంతమాత్రాన సరిగ్గా ఉన్నట్టు కాదని, పనివాడు లేనప్పుడు మరొకరు తాకడం వల్ల జరిగిన తేడాకు పనివాణ్ణి బాధ్యుణ్ణి చెయ్యడం చెల్లదని చెప్పాను. హెడ్‌మిస్ట్రెస్ గారు చుట్టును చేతిలోకి తీసుకుని చూసి, చాలాసేపు కింద పెట్టలేదు. మేనేజరు నీరుగారిపోయాడు. గెలిచామనుకున్నాను.

అప్పుడు దంతవైద్యుడు లేచాడు. ఆవిడ చేతిలోంచి చుట్టును అందుకుని, వెలుతురుకు ఎత్తి పట్టుకుని చూశాడు.

"తేడా బాగానే కనిపిస్తోందే" అన్నాడు. అందులో ఎత్తిపొడుపు లేదు. నిజంగా తెలుసుకోవాలనే అడిగాడు. "ఇరవై ఆరేళ్ళుగా చేస్తున్నారు కదండీ. బిగించేటప్పుడు మీకు కనిపించలేదా?"

మామయ్య తువ్వాలు మడతను ఒకసారి విప్పి, మళ్ళీ మడిచాడు.

"కనిపించదండి" అన్నాడు. "రెండేళ్ళయింది."

ఎర్రదారం గీత ఎందుకో నాకు అప్పుడు అర్థమైంది. ఇరవై నాలుగేళ్ళు ఆ తువ్వాలుకు ఏ గీతా లేదు. రెండేళ్ళ క్రితం రెండు కళ్ళలోనూ శుక్లాలు ముదిరి, నలుపూ గోధుమరంగూ ఒకటిగా కనిపించడం మొదలయ్యాక, ఏ చివర ఎడమో తెలియడానికి అత్తయ్య మందపాటి దారంతో, వేలికి తగిలేటట్టు, దాన్ని కుట్టింది. మెట్లూ గొట్టాలూ టబ్బులూ ఆయనకు చూడకుండానే తెలుసు. ఆ భవనంలో ఒక్కరికీ అనుమానం రాలేదు. చూపు లేనివాడికి పని ఉండదని, పని లేనివాడికి గది ఉండదని భార్యాభర్తలిద్దరూ నోరు మెదపలేదు. ప్రశ్న వెయ్యొద్దని ఆయన చెప్పింది హెడ్‌మిస్ట్రెస్ గారి కోసం కాదు. కిందనుంచి పట్టుకుని ఉన్నదాన్ని నేను మళ్ళీ పైనుంచి లాగాను.

"అయితే తప్పు కళ్ళది" అన్నాడు మేనేజరు. కాగితంమీద ఏదో రాయబోయాడు.

"కాదండి" అన్నాడు మామయ్య. "కళ్ళను అనకండి, వాటికసలు ఆ పనే చెప్పలేదు నేను. రబ్బరు చుట్టు తీసి పట్టుకోగానే సబ్బు వాసన వచ్చింది. వేలికి మందం పైవైపు తగిలింది. ఎవరో తిప్పారని ముక్కు చెప్పింది, వేలు చెప్పింది. కానీ తువ్వాలు మీద అలాగే ఉంది. ఇన్నేళ్ళలో తువ్వాలు ఒక్కసారి కూడా తప్పు చెప్పలేదు. అందుకని దాని మాటే విన్నాను."

"వేలు చెప్పినా వినలేదా?" అన్నాడు దంతవైద్యుడు.

"వినలేదండి. నీళ్ళు నింపి చూసుంటే అయినా తెలిసేది. అదీ చెయ్యలేదు. రాసుకోండి."

అత్తయ్య తలుపు దగ్గరనుంచి, "గీత నేను కుట్టాను. అదీ రాసుకోండి" అంది.

"ముందు నాది రాయండి" అంది హెడ్‌మిస్ట్రెస్ గారు. "అడక్కుండా ముట్టుకున్నాను. బడిలో ఇదే పని చేసిన పిల్లల్ని ఎంతమందిని నిలబెట్టానో నాకే గుర్తులేదు."

నా వాదనలో ఈ మూడింటిలో ఒక్కదానికీ చోటు లేదు. ఆయన నిర్దోషి అని తేల్చాలని నేను వెళ్ళాను. ఆ గదిలో ఆ మాట కావాలన్నది నేనొక్కదాన్నే.

మేనేజరు రద్దు చెయ్యాలన్నాడు. దంతవైద్యుడు ఒప్పుకోలేదు. "చూపు తగ్గడం తప్పు కాదు, దాచడం తప్పు" అన్నాడు. "నేను చేసే పనిలో సగం కంటికి కనపడని చోటే. వేలు చెప్పింది విననివాణ్ణి నేనైతే నా దగ్గర పనిలో ఉంచుకోను. కానీ వినలేదని తనంతట తను చెప్పినవాణ్ణి తీసెయ్యను." చివరికి ఇద్దరూ ఒక ఒప్పందానికి వచ్చారు, దాన్ని రాసింది నేను. ఆయన కళ్ళకు ఆపరేషన్ చేయించుకోవాలి. అంతదాకా పనిలోకి రాకూడదు, గది ఉంటుంది. తర్వాత ఐదు రకాల బిరడాలూ వాళ్ళ ముందు తీసి బిగించి చూపాలి. చివరిది హెడ్‌మిస్ట్రెస్ గారి టబ్బు. నీళ్ళు పై రంధ్రంలోంచి పదినిమిషాలు పోవాలి. కింది ఇంట్లో ఒక్క చుక్క పడినా ఉద్యోగమూ లేదు, గదీ లేదు.

ఆపరేషన్లు రెండూ నెల తేడాలో జరిగాయి. కట్టు విప్పిన రోజు ఆయన ఏమన్నాడని అత్తయ్యను అడిగాను.

"తువ్వాలు ఇంత మురికిగా ఉందేంటన్నారు. రెండేళ్ళుగా మీరే ఉతుక్కుంటానని పట్టుబట్టారు కదా, చూసుకోండి అన్నాను."

పరీక్ష ఒప్పందం తర్వాత పదకొండో వారంలో జరిగింది. మేనేజరు అట్టమీద కాగితం బిగించుకుని వచ్చాడు. గొలుసు బిరడా ఒక్క క్షణం. ఎత్తి తిప్పే రకం దగ్గర ఆయన తడబడ్డాడు. పిడి మెడ దగ్గరి చిన్న మర ఇప్పుడు కనిపిస్తోంది. కనిపించడంతో స్క్రూడ్రైవరును దాని వైపు గురిపెట్టి పంపించాడు, అది పక్కకు జారింది. రెండోసారీ జారింది. మేనేజరు ఏదో రాసుకున్నాడు. మామయ్య కళ్ళు మూసుకుని, ఎడమచేతి వేలిగోటితో మర గాడిని వెతికి, గోటి పక్కనుంచి స్క్రూడ్రైవరు దించాడు. అది కూర్చుంది. నొక్కే రకం, లాగే రకం ఏ గొడవా లేకుండా అయిపోయాయి.

హెడ్‌మిస్ట్రెస్ గారి స్నానాలగదిలో నలుగురికి చోటు లేదు. ఆవిడ గుమ్మంలో, చేతులు రెండూ వెనక కట్టుకుని నిలబడింది. మామయ్య పలక విప్పి, గొలుసును వంచుతూ ఊపుతూ బయటికి తీసి, రబ్బరు చుట్టును కూడా తీసి, ఎర్రగీతనుంచి కుడికి పేర్చాడు. తువ్వాలును ఎవరూ ముట్టుకోలేదు. మేమంతా అక్కడే ఉన్నాం. అయినా తిరిగి బిగించడానికి చుట్టును చేతిలోకి తీసుకోగానే ఆగాడు. కళ్ళతో చూశాడు. ముక్కు దగ్గర పెట్టుకున్నాడు. తర్వాత బొటనవేలూ చూపుడువేలూ మధ్య పట్టి, అంచు పొడవునా గడియారపు ముల్లంత నిదానంగా ఒక చుట్టు తిప్పాడు. మందం వచ్చిన చోట ఆపి, అటునుంచి ఇంకో చుట్టు. మేనేజరు చేతిగడియారం చూసుకున్నాడు.

"అలాగే ఉంది కదండీ, మేం చూస్తూనే ఉన్నాంగా" అన్నాడు.

"ఉందండి" అన్నాడు మామయ్య, మూడో చుట్టు తిప్పుతూ.

అన్నీ బిగించి, మీట కదిలించి, కుళాయి పూర్తిగా వదిలాడు. ఆ టబ్బు నిండడానికి పద్దెనిమిది నిమిషాలు పట్టింది. కింది ఇంటి పడకగదిలో, కొత్తగా సున్నం వేసిన పైకప్పు కింద, అత్తయ్య నిలబడి ఉంది. ఆ చోటు తనకు కావాలని ఆవిడే అడిగి వెళ్ళింది. నీళ్ళు రంధ్రం అంచును తాకి, తొణికి, లోపలికి పోవడం మొదలుపెట్టాయి. గొట్టంలో గుటకలు వేస్తున్నట్టు చప్పుడు. దంతవైద్యుడు పదినిమిషాలు లెక్కపెట్టాడు. హెడ్‌మిస్ట్రెస్ గారు పక్కగదిలో ఫోను మోగినా వెళ్ళలేదు. మామయ్య తువ్వాలు మడవలేదు. మోకాళ్ళమీదే కూర్చుని తెరిచి ఉన్న కిటికీ వైపు చెవి పెట్టాడు. కింది ఇంటి కిటికీ సరిగ్గా దాని కిందే.

పది నిమిషాలయ్యాయి. కింద ఉలుకూ పలుకూ లేదు.

"ఏమే" అని పిలిచాడు కిటికీలోంచి. "ఉన్నావా?"

"ఎక్కడికి పోతాను?" అంది అత్తయ్య గొంతు. "మెడ పట్టేసింది. పొడిగానే ఉంది."

"సరిగ్గా చూశావా?"

"చూడ్డమేంటి, కుర్చీ ఎక్కి చేత్తో తడిమాను కూడా. నన్నుగాని దిగమంటే, మన సింకు సంగతి ఏ ఆదివారమో తేల్చండి."

"రేపే" అన్నాడు మామయ్య.

మేనేజరు కాగితంమీద సంతకం పెట్టి కలం దంతవైద్యుడికి ఇచ్చాడు. మామయ్య మీట కదిలించి, నీళ్ళు సుడి తిరిగి దిగిపోయేదాకా చూసి, తువ్వాలు మడిచాడు. మర్నాడు ఆదివారమే. ఆ సాయంత్రం నేను వాళ్ళ గదికి వెళ్ళేసరికి సింకు పొడిగా ఉంది, అత్తయ్య కుట్టుమిషను ముందు కూర్చుని తువ్వాలు చివరి ఎర్రదారం విప్పబోతోంది, మామయ్య వద్దంటున్నాడు.